మాగ్నిట్యూడ్ 8.8 ఉన్న ఎం57 కనిపిస్తోంది, 5.7 ఉన్న ఎం33 కనిపించడం లేదు. ఎందుకు?

డాబ్_ఎనిమిది

8 అంగుళాల డాబ్సోనియన్ టెలిస్కోపు, ఎఫ్/6, ఫోకల్ లెంగ్త్ 1200 మి.మీ. దాంతోపాటు వచ్చిన 25, 10 మి.మీ. ప్లాసల్ ఐపీసులే ఉన్నాయి. ఫైండరు (గురిచూసే చిన్న దుర్భిణి) 9×50, సూటిగా చూసే రకం. ఆకాశం ఓ మోస్తరు: ఆకాశపు వెలుతురు కొలిచే మీటరు పెడితే నడినెత్తిన 19 దగ్గర చూపిస్తుంది, పాలపుంత ఉందా లేదా అన్నట్టుంటుంది.

నక్షత్ర గుచ్ఛాలతో ఇబ్బంది లేదు. ఎం44, పెర్సియస్‌లోని జంట గుచ్ఛం, ఎం13 అన్నీ బాగున్నాయి. ఎం42 సంగతి చెప్పనక్కర్లేదు. అభిజిత్ (వేగా) దగ్గరున్న ఎం57 ఉంగరం నెబ్యులా కూడా సులువుగానే దొరుకుతుంది. గెలాక్సీల దగ్గరికి వచ్చేసరికే లెక్క తప్పుతోంది. ఎం33 ఆ చోటంతా వెతికినా లేదు. ఎం101 లేదు. ఎం51లో రెండు మసక చుక్కలున్నాయి తప్ప చేతుల జాడ లేదు. ఎం31 మధ్యలో వెలుతురు ముద్దలా ఉంది, అంతే.

నా సందేహాలు ఇవి. మాగ్నిట్యూడ్ అంకె తగ్గేకొద్దీ కాంతి ఎక్కువ కదా, మరి మెస్సియే (ఎం) కేటలాగులో 5.7 అని ఉన్నది కనబడక, 8.8 ఉన్నది కనబడటం ఏమిటి? ఓ-3 ఫిల్టర్ కొంటే గెలాక్సీలు తేలతాయా? లేక ముందు మంచి ఐపీస్ కొనాలా? కాలిమేషన్ (అద్దాల అమరిక) తేడా ఉంటే ఇలా జరుగుతుందా?

మసకచుక్క

టెలిస్కోపులో లోపమేమీ లేదండీ. మిమ్మల్ని దారి తప్పిస్తున్నది కేటలాగులోని ఆ మాగ్నిట్యూడ్ అంకె. వస్తువు నుంచి వచ్చే వెలుతురంతా పోగేసి ఒక్క చుక్కలో పెడితే ఎంత ఉంటుందో చెప్పే అంకె అది. నక్షత్రానికి సరిపోతుంది. కానీ ఎం33 వెలుతురు 70 ఆర్క్ నిమిషాల పొడవు, 40 ఆర్క్ నిమిషాల వెడల్పున పరుచుకుని ఉంది (డిగ్రీలో అరవయ్యో వంతు ఒక ఆర్క్ నిమిషం). నిండు చంద్రుడు ఆకాశంలో ఎంత చోటు తీసుకుంటాడో దానికి దాదాపు మూడు రెట్లు. ఎం57 మొత్తం కలిపి 1.4 × 1 ఆర్క్ నిమిషం.

లెక్క మీరే వేసుకోవచ్చు. పొడవు, వెడల్పులను ఆర్క్ నిమిషాల్లో గుణించి, దాన్ని 0.785తో గుణించండి, వైశాల్యం వస్తుంది. ఆ వైశాల్యపు లాగరిథమ్‌ను 2.5తో గుణించి మాగ్నిట్యూడ్‌కి కలపండి. ఇప్పుడు వచ్చింది చదరపు ఆర్క్ నిమిషానికి ఉన్న ప్రకాశం. ఇంకో 8.9 కలిపితే చదరపు ఆర్క్ సెకండుకు మారుతుంది, అంటే మీ మీటరు చూపించే కొలతలోకి. ఎం33కి వైశాల్యం సుమారు 2200, లాగరిథమ్ వల్ల కలిసేది 8.4, మొత్తం 14.1, చివరికి 23.

ఇదే పద్ధతిలో ఎం101కి 23.8, ఎం81కి 22, ఎం51కి 21.7, ఎం82కి 21.2 వస్తాయి. ఎం57కి 17.8. అంకె పెరిగేకొద్దీ వెలుతురు తగ్గుతుంది, ఒక్కో మెట్టుకు రెండున్నర రెట్లు. మీ ఆకాశం 19. అంటే ఎం57 ఉన్నచోట ఆకాశం మీద మూడు రెట్ల వెలుతురు అదనంగా పడుతోంది, కనబడకుండా ఎలా ఉంటుంది? ఎం33 ఉన్నచోట అదనంగా పడేది రెండున్నర శాతం. ఎం101 దగ్గర ఒక శాతం పైచిలుకు. ఆ తేడాను కన్ను పట్టుకోలేదు. అదే ఎం33ని మీటరు 21.5 చూపించే చోటికి తీసుకెళ్తే అదనం 25 శాతం అవుతుంది, అప్పుడు అదే టెలిస్కోపులో పెద్ద మసక మరకలా తేలుతుంది.

పెద్ద టెలిస్కోపు కొంటే సరిపోతుందా అని తరవాత ప్రశ్న వస్తుంది, అందుకే ముందే చెబుతున్నాను: ఏ టెలిస్కోపూ పరుచుకుని ఉన్న వస్తువు ఉపరితల ప్రకాశాన్ని పెంచలేదు. ఆకాశాన్నీ గెలాక్సీనీ ఒకే నిష్పత్తిలో కంటికి అందిస్తుంది. పెద్ద అద్దం ఇచ్చే లాభం వేరు. అంతే ప్రకాశంతో బొమ్మను ఇంకా పెద్దదిగా చూపిస్తుంది.

ఒక మాట, పైవన్నీ సగటులు. చాలా గెలాక్సీలకు నడిమి భాగం సగటు కన్నా ఎంతో కాంతివంతం, అంచులు మరీ పలచన. ఎం31లో మీకు కనిపిస్తున్న ముద్ద ఆ నడిమి భాగమే. మొత్తం గెలాక్సీ పొడవు మూడు డిగ్రీలు, మీ 25 మి.మీ. ఐపీసులో కనిపించేది ఒక డిగ్రీ చిల్లర. ఎం51లో రెండు చుక్కలు కనిపిస్తున్నాయంటే అవి అసలు గెలాక్సీ కేంద్రం, పక్కనున్న ఎన్‌జీసీ 5195 కేంద్రం (ఎన్‌జీసీ అంటే న్యూ జనరల్ కేటలాగ్). 19 ఆకాశంలో 8 అంగుళాలకు అంతే దక్కుతుంది, మీరు చూస్తున్నది సరిగ్గానే చూస్తున్నారు.

ప్రస్తుతానికి ఎం82, ఎం81, ఎం94, ఎం104, ఎం64, ఎం31 పక్కనే ఉండే ఎం32, వీటితో నడపండి. ఎం33, ఎం101, ఎం74 మూడింటినీ చీకటి చోటికి వెళ్లే రోజుకి ఉంచండి. ఎక్కడ చూసినా ఆ వస్తువు మధ్యాహ్న రేఖ దాటే వేళకే చూడండి. దిగంతానికి 30 డిగ్రీల ఎత్తులో వెలుతురు నడినెత్తినకన్నా రెట్టింపు గాలిలోంచి రావాలి, 10 డిగ్రీల ఎత్తులో ఐదున్నర రెట్లు. పైగా ఊళ్ల వెలుతురు గూడుకట్టుకునేది కూడా ఆ కింది భాగంలోనే.

ఓరచూపు

పై జవాబులో ఆకాశం లెక్క సరిపోయింది. కంటి లెక్క ఇంకా మిగిలి ఉంది, ఐపీస్ ప్రశ్న దానికిందకే వస్తుంది.

ఐపీస్ ఫోకల్ లెంగ్త్‌ను టెలిస్కోపు ఎఫ్ సంఖ్యతో భాగిస్తే ఎగ్జిట్ ప్యూపిల్, అంటే ఐపీసు నుంచి కంటికి చేరే కాంతిపుంజం వెడల్పు వస్తుంది. మీ 25 మి.మీ. ఐపీసుకు 4.2 మి.మీ., 48 రెట్ల ఆవర్ధనం (పెద్దదిగా చూపడం). 10 మి.మీ.కు 1.7 మి.మీ., 120 రెట్లు. ఒకదాని నుంచి మరోదానికి మారితే ఆకాశం ఆరు రెట్లకు పైగా నల్లబడుతుంది. గెలాక్సీ కూడా అంతే మేరకు మసకబారుతుంది, కాబట్టి రెండిటి మధ్య తేడా శాతం మారదు. మారేది కంటికి కనబడే పరిమాణం. మసక వెలుతురులో కన్ను చిన్న మరక కన్నా పెద్ద మరకను తేలిగ్గా గుర్తుపడుతుంది. 1946లో దృష్టి పరిశోధకుడు బ్లాక్‌వెల్ ప్రచురించిన కాంట్రాస్ట్ కొలతలు చెప్పేది ఇదే. అందుకని "మసక వస్తువుకు ఎప్పుడూ తక్కువ ఆవర్ధనమే వాడాలి" అన్న పాత సలహా సగమే నిజం. వెతకడానికి 48 రెట్లు, దొరికాక 80 నుంచి 120. రెండు నుంచి పది ఆర్క్ నిమిషాల గెలాక్సీలన్నీ 80 దగ్గర హాయిగా తేలతాయి. మీ దగ్గర లేనిది సరిగ్గా ఆ 15 మి.మీ. ఐపీసే: 80 రెట్లు, 2.5 మి.మీ. ఎగ్జిట్ ప్యూపిల్.

ఎం33 మాత్రం ఈ సూత్రానికి ఎదురు తిరుగుతుంది. మీ 25 మి.మీ. ప్లాసల్‌లో కనిపించే వలయం సుమారు 65 ఆర్క్ నిమిషాలు, గెలాక్సీ 70. గెలాక్సీ పొడవునా వలయాన్ని నింపేస్తుంటే, పోల్చి చూసుకోవడానికి నల్లని ఆకాశం ఎక్కడ మిగులుతుంది? కన్ను చూసేది వెలుతురును కాదు, అంచును. దానికి 30 మి.మీ. దరిదాపుల్లో, 68 డిగ్రీల చూపున్న 2 అంగుళాల ఐపీస్ కావాలి. 40 రెట్లు, 1.7 డిగ్రీల వలయం వస్తుంది. మీ ఫోకసర్ 2 అంగుళాలది అయితేనే, ముందు చూసుకోండి. ఈ లోపు చీకటి చోట 10×50 బైనాక్యులర్‌తో ప్రయత్నించండి, ఎం33కి టెలిస్కోపు కన్నా అదే నయం.

ఇక చూసే పద్ధతి. కంటిపాప పది నిమిషాల్లోపే విప్పారుతుంది, కానీ రెటీనాలోని రాడ్ కణాలు పూర్తిగా చీకటికి అలవాటు పడటానికి అరగంట కావాలి. ఒక్కసారి ఫోన్ తెర చూస్తే మళ్లీ మొదటికి. ఎర్ర రంగు మోడ్ పెట్టినా వెలుతురు బాగా తగ్గించకపోతే ప్రయోజనం ఉండదు. చాలా ఫోన్లలో ఎరుపు కూడా మరీ ప్రకాశంగానే ఉంటుంది, తెరమీద ఎర్ర ప్లాస్టిక్ కాగితం రెండు పొరలు అంటించడం మంచి ఉపాయం.

రాడ్ కణాలు కంటి కేంద్రంలో ఉండవు, కేంద్రానికి 15–20 డిగ్రీల దూరంలో దట్టంగా ఉంటాయి. అందుకే వస్తువును సూటిగా చూస్తే మాయమవుతుంది, పక్కకు చూస్తే ప్రత్యక్షమవుతుంది. ఏ పక్కకు అన్నది చాలామంది పట్టించుకోరు. కుడికన్నుతో చూస్తుంటే వస్తువుకు కుడివైపు చూపు నిలపండి, ఎడమకన్నయితే ఎడమవైపు. అంటే వస్తువు ముక్కు వైపున ఉండాలి. దీనికి తిరగేసి చేస్తే వస్తువు కంటి అంధబిందువులో పడి అసలుకే కనబడకుండా పోవచ్చు. ఆపైన ట్యూబును వేలితో చిన్నగా తట్టండి. కదిలే మసకను కన్ను ఇట్టే పడుతుంది. అర నిమిషం ఊపిరి బిగపట్టి చూసే అలవాటుంటే మానేయండి, ఆక్సిజన్ తగ్గితే మొదట దెబ్బతినేది రాత్రిచూపే.

తలమీద నల్లగుడ్డ కప్పుకుని చూడండి. చుట్టుపక్కల దీపాలున్న చోట ఇంతకు మించిన చవక మెరుగుదల లేదు.

అయిదొందల_నానోమీటర్లు

ఓ-3 ఫిల్టర్ గురించి అడిగారు. గెలాక్సీలకు పనికిరాదు. ఎందుకో తెలిస్తే డబ్బు ఎక్కడ పెట్టాలో కూడా తెలుస్తుంది.

గెలాక్సీ వెలుతురు కోటానుకోట్ల నక్షత్రాల వెలుతురు, అన్ని తరంగదైర్ఘ్యాల్లోనూ వస్తుంది. వీధి దీపాల వెలుతురు కూడా, ముఖ్యంగా ఎల్ఈడీ వచ్చాక, అలాగే పరుచుకుని ఉంటుంది. రెండిటినీ విడదీసే జల్లెడ లేదు. ఫిల్టర్ పెడితే రెండూ కలిసే తగ్గుతాయి. వెలిగే వాయువున్న నెబ్యులాల సంగతి వేరు. వాటి వెలుతురు కొన్ని సన్నని గీతల్లోనే ఉంటుంది: ఆక్సిజన్ గీతలు 495.9, 500.7 నానోమీటర్ల దగ్గర, హైడ్రోజన్ బీటా 486.1 దగ్గర. ఓ-3 ఫిల్టర్ ఆ రెండు ఆక్సిజన్ గీతల చుట్టూ పది, పన్నెండు నానోమీటర్లు వదిలి మిగతాదంతా ఆపేస్తుంది. యూహెచ్‌సీ ఫిల్టర్ దాదాపు 25 నానోమీటర్ల కిటికీ తెరిచి హైడ్రోజన్ బీటాను కూడా రానిస్తుంది.

నమ్మకం కలగాలంటే సప్తర్షి మండలంలో పులహ (మెరాక్) కిందికి వెళ్లండి. ఎం97 గుడ్లగూబ నెబ్యులా, ఎం108 గెలాక్సీ ఒకదానికొకటి 48 ఆర్క్ నిమిషాల దూరంలో ఉంటాయి, మీ 25 మి.మీ. ఐపీసులో రెండూ పడతాయి. ఫిల్టర్ లేకుండా రెండూ కష్టమే. ఓ-3 పెట్టగానే ఎం97 గుండ్రంగా పైకి తేలుతుంది, ఎం108 పూర్తిగా చచ్చిపోతుంది. ఇంతకన్నా మంచి పరీక్ష ఆకాశంలో లేదు.

ఓ-3తో బాగుపడేవి: సిగ్నస్‌లోని వీల్ నెబ్యులా, ఎం97, ఎం27, ధనూరాశిలోని ఎం17. వీల్ అయితే ఫిల్టర్ లేకపోతే లేనట్టే. 52 సిగ్నీ అనే 4.2 మాగ్నిట్యూడ్ నక్షత్రాన్ని ఐపీసులో పెట్టి ఫిల్టర్ బిగిస్తే, దాని మీదుగా పోయే సన్నని పోగు ఎన్‌జీసీ 6960. తూర్పుగా రెండున్నర డిగ్రీలు జరిపితే ఎన్‌జీసీ 6992, అది ఇంకా తేటగా ఉంటుంది. ఎం42, ఎం8, ఉత్తర అమెరికా నెబ్యులాలకు యూహెచ్‌సీ మేలు. ఒక్కటే కొనగలిగితే, 8 అంగుళాలకు, 19 ఆకాశానికి యూహెచ్‌సీ కొనమనే నా సలహా. ఓ-3 తరవాత.

ఫిల్టర్ వల్ల అసలు లాభం లేనివి గెలాక్సీలు, నక్షత్ర గుచ్ఛాలు, కృత్తికల చుట్టూ ఉన్న ప్రతిబింబ నెబ్యులా. అది నక్షత్రాల వెలుతురునే తిప్పి పంపే ధూళి, దానికి సొంత గీతలు లేవు. ఒక చిన్న మినహాయింపు: గెలాక్సీ లోపల ఉన్న వాయు మేఘాలు. ఎం33 కేంద్రానికి ఈశాన్యంగా 12 ఆర్క్ నిమిషాల దూరంలో ఉన్న ఎన్‌జీసీ 604 అలాంటిదే. ఎం33 కనబడని ఆకాశంలో కూడా అది చిన్న మసక చుక్కలా దొరకొచ్చు, ఎందుకంటే అది చిన్నదిగా, ఒక్కచోట ముద్దగా ఉంటుంది.

వాడేటప్పుడు ఎగ్జిట్ ప్యూపిల్ 3 మి.మీ. కన్నా తగ్గనివ్వకండి, అంటే మీ 25 మి.మీ. ఐపీసుకే బిగించండి. 10 మి.మీ.కు పెడితే నల్లటి చీకటి తప్ప ఏమీ మిగలదు. చిన్న ప్లానెటరీ నెబ్యులాలు (ఎం57 లాంటి వాయు మేఘాలు) నక్షత్రాల్లా కనిపించి మోసం చేస్తుంటే ఫిల్టర్‌ను బిగించకుండా వేళ్లతో పట్టుకుని కంటికీ ఐపీసుకీ మధ్య పెట్టి తీస్తూ చూడండి. నక్షత్రాలన్నీ మసకబారతాయి, నెబ్యులా ఒక్కటీ బారదు.

ఇంకో సంగతి. ఫొటోల్లో ఎర్రగా కనిపించేదంతా హైడ్రోజన్ ఆల్ఫా, 656.3 నానోమీటర్లు. చీకటికి అలవాటుపడ్డ కన్ను 507 దగ్గర పదునుగా ఉంటుంది, ఎరుపు దరిదాపుల్లో దాదాపు గుడ్డిదే. ఎం42 మీకు బూడిద, లేత ఆకుపచ్చ కలిసి కనిపిస్తుంటే అది సరైన రంగే. ఎర్రగా కనబడాలని ఫిల్టర్లు కొనకండి.

డాబ్_ఎనిమిది

చాలా స్పష్టంగా చెప్పారు, అందరికీ ధన్యవాదాలు. అయితే ముందు ఐపీస్, తరవాత యూహెచ్‌సీ. ఇంకో ఇబ్బంది ఉంది. మసకగా ఉన్నదాన్ని వెతుకుతుంటే అసలు సరైన చోటే చూస్తున్నానా అన్నది తెలియడం లేదు. పటంలో ఉన్నది ఫైండరులో తలకిందులు, ఐపీసులో ఇంకోలా. ఎం51 లాంటిదానికీ, సింహరాశి, కన్యారాశి గెలాక్సీలకూ మీరు ఏ దారిన వెళ్తారు?

క్రతువునుంచి_క్రతువుకి

ముందు తలకిందుల గొడవ తేల్చుకుందాం. మీ డాబ్ న్యూటోనియన్ రకం, అది బొమ్మను 180 డిగ్రీలు తిప్పుతుంది, అంతే. కుడిఎడమలను అద్దంలోలా మార్చదు. సూటిగా చూసే ఫైండరు కూడా అంతే. కాబట్టి పటాన్ని తలకిందులుగా పట్టుకుంటే రెండిటితోనూ సరిపోతుంది. స్టార్ డయాగొనల్ (చూపును పక్కకు మళ్లించే అద్దం) వాడే రిఫ్రాక్టర్ల వాళ్లకే అద్దం బొమ్మ బాధ. పటం ఎంత తిప్పాలో తెలియకపోతే టెలిస్కోపును కదపకుండా వదిలేయండి. నక్షత్రాలు ఏ అంచువైపు జారి వెళ్లిపోతాయో అది పడమర. ట్యూబును ధ్రువ నక్షత్రం వైపు కొద్దిగా నెడితే ఏ అంచు నుంచి కొత్త నక్షత్రాలు వస్తాయో అది ఉత్తరం.

తరవాత, ఫైండరు వలయం ఎంతో కొలుచుకోండి. 9×50కి సుమారు 5 డిగ్రీలుంటుంది. సప్తర్షి మండలంలో క్రతువుకీ (డూబే) పులహకీ మధ్య 5.4 డిగ్రీలు. రెండూ ఒకేసారి అంచులకు ఆనుకుని పడుతున్నాయా లేదా చూస్తే మీ ఫైండరు సంగతి తేలిపోతుంది. ఆ వలయాన్ని పటం కొలతకు సరిపోయేలా ఒక పారదర్శక ప్లాస్టిక్ ముక్క మీద గీసుకుని పటంమీద జరుపుతూ వెళ్లడమే స్టార్ హాపింగ్ అంటే.

ఎం51: మరీచి (ఆల్కాయిడ్) నుంచి పడమరగా రెండు డిగ్రీలు జరిగితే 24 కానుమ్ వెనాటికోరమ్, మాగ్నిట్యూడ్ 4.7, ఫైండరులో బాగా కనిపిస్తుంది. అక్కడినుంచి రెండు డిగ్రీలు దక్షిణంగా, కొంచెం పడమరకు ఒరుగుతూ.

ఎం81, ఎం82: పులస్త్యుడి (ఫెక్డా) నుంచి క్రతువుకు గీత గీసి అంతే దూరం ముందుకు పొండి. రెండూ ఒకే వలయంలో, 38 ఆర్క్ నిమిషాల ఎడంలో. గుండ్రంగా, నడుమ కాంతివంతంగా ఉన్నది ఎం81, సన్నగా కడ్డీలా ఉన్నది ఎం82. ఎం82కి 120 రెట్లు పెట్టి చూడండి, నడుమ అడ్డంగా నల్లని చీలిక తగులుతుంది.

ఎం101కి వశిష్ఠుడి (మిజార్) నుంచి తూర్పుగా వరసకట్టిన 81, 83, 84, 86 ఉర్సే మేజోరిస్ నక్షత్రాల వెంట వెళ్లి, చివరిదాని నుంచి ఈశాన్యంగా ఒకటిన్నర డిగ్రీ. దారి సులువే, చేరుకున్నాక కనబడకపోవడమే దాని గొడవ.

సింహరాశిలో తీటా లియోనిస్ నుంచి ఆగ్నేయంగా రెండున్నర డిగ్రీలు. మధ్యలో 73 లియోనిస్ అనే 5.3 మాగ్నిట్యూడ్ నక్షత్రం ఆనవాలు. దానికి తూర్పున ముప్పావు డిగ్రీలో ఎం65, మరో 20 ఆర్క్ నిమిషాలకు ఎం66. వాటికి ఉత్తరంగా ఎన్‌జీసీ 3628 ఉంటుంది, మాగ్నిట్యూడ్ 9.5 అన్నారు గదా అని ఆశపడకండి, పొడవాటి పలచటి వస్తువు, పైన మసకచుక్క గారు చెప్పిన లెక్కే దానికీ.

కన్యారాశి గుంపులో దారి తప్పనివాళ్లు లేరు, ఎందుకంటే అక్కడ ప్రకాశవంతమైన నక్షత్రాలు లేవు, గెలాక్సీలే ఆనవాళ్లు. డెనెబోలా నుంచి విండెమియాట్రిక్స్‌కు గీత గీసి సరిగ్గా సగంలో ఆగండి. 48 రెట్లలో పక్కపక్కన రెండు గుండ్రటి మసకలు, 17 ఆర్క్ నిమిషాల ఎడంలో: ఎం84, ఎం86. ఆ జంట తప్ప ఇంకెక్కడి నుంచీ మొదలుపెట్టొద్దు. అక్కడినుంచి తూర్పుగా, క్రమంగా ఉత్తరానికి వంగుతూ పోతే మార్కేరియన్ గొలుసు అనే గెలాక్సీల వరస. మొదట తగిలేది ఎన్‌జీసీ 4435, 4438 జంట. దారి తప్పితే గొలుసులో ముందుకు వెతక్కండి, మళ్లీ ఎం84కి రండి. ఈ గుంపు దూరం ఐదు కోట్ల కాంతి సంవత్సరాలకు పైనే.

చోటు నిర్ధారణకు ఒకటే నియమం. వస్తువు కనబడకముందే దాని చుట్టూ ఉన్న మూడు నాలుగు నక్షత్రాల ఆకారాన్ని పటంలో గుర్తుపెట్టుకోండి, ఐపీసులో ఆ ఆకారం పడ్డాక ఓరచూపు మొదలుపెట్టండి. 10, 11 మాగ్నిట్యూడ్ దాకా నక్షత్రాలు చూపించే పటం కావాలి. యాప్‌లో అయితే నక్షత్రాల పరిమితిని ఆ మేరకు కట్టేయండి, లేకపోతే తెరనిండా చుక్కలే. దుర్భిణి బొమ్మలా తిప్పి చూపించే ఎంపిక కూడా ఉంటుంది, 180 డిగ్రీలు పెట్టండి.

మసకచుక్క

73 లియోనిస్ మంచి గుర్తు. ఒక చేర్పు: మీ డాబ్‌ను కదపకుండా వదిలితే ఖగోళ మధ్యరేఖ దగ్గరి నక్షత్రం 25 మి.మీ. ఐపీస్ వలయం మధ్యగా దాటడానికి నాలుగు నిమిషాల పైచిలుకు పడుతుంది. కన్య, సింహ రాశులు ఆ రేఖకు దగ్గర్లోనే కాబట్టి వస్తువుకు సరిగ్గా పడమట ఉన్న నక్షత్రాన్ని మధ్యలో పెట్టి, గడియారం చూసుకుంటూ ఆగితే వస్తువు తనంతట తానే మధ్యకొస్తుంది. ఒక్కో డిగ్రీకి నాలుగు నిమిషాలు. 73 లియోనిస్ నుంచి మూడు నిమిషాలాగితే తూర్పు-పడమరల్లో ఎం65 దగ్గరికి చేరినట్టే, పావు డిగ్రీ దక్షిణంగా సర్దుకోండి.

స్క్రూడ్రైవర్

కాలిమేషన్ ప్రశ్నకు ఎవరూ జవాబివ్వలేదు. గెలాక్సీలు కనబడకపోవడానికి అది కారణం కాదు. 48 రెట్లలో కొద్దిపాటి తేడా మసక వస్తువు మీద ఏమీ తెలియదు. దెబ్బ తగిలేది గోళాకార గుచ్ఛాలకు. ఎం13లో మొదటి వరస నక్షత్రాలు 12 మాగ్నిట్యూడ్ దగ్గర ఉంటాయి. చుక్క సూదిమొనలా ఉంటేనే అవి విడివిడిగా తేలతాయి, పరుచుకుంటే వెలుతురు ముద్దలో కలిసిపోతాయి. 120 రెట్లలో ఎం13 అంచులు ఇసుక చల్లినట్టు కాక పొగలా ఉంటే అప్పుడు అనుమానించండి.

పరీక్షకు ధ్రువ నక్షత్రం చాలు, కదలదు కాబట్టి. 10 మి.మీ. ఐపీస్, వీలైతే ఆవర్ధనాన్ని రెట్టింపు చేసే 2 రెట్ల బార్లో లెన్స్. నక్షత్రాన్ని సరిగ్గా మధ్యలో పెట్టి ఫోకస్‌ను కొంచెం తప్పించండి. వలయాలు ఒకే కేంద్రం చుట్టూ ఉంటే బాగున్నట్టు. ఒక పక్కకు ఒరిగి ఉంటే పెద్ద అద్దం వెనకనున్న స్క్రూను ఎనిమిదో వంతు తిప్పండి. నక్షత్రం జరిగిపోతుంది, మళ్లీ మధ్యకు తెచ్చాకే చూడండి. మధ్యకు తేకుండా చూస్తే అంచున నక్షత్రాలు తోకచుక్కల్లా సాగే కోమాను చూసి కాలిమేషన్ తప్పనుకుంటారు. లాక్ స్క్రూలు ఆఖర్న బిగించేటప్పుడు అద్దం మళ్లీ కదులుతుంది, అందుకని బిగించాక ఇంకోసారి.

అయితే అంతకన్నా ముందు అద్దం చల్లారాలి. 8 అంగుళాల అద్దాన్ని గదిలోంచి బయటికి తెచ్చాక గంటసేపు వదిలేయండి. ఫోకస్ తప్పించిన నక్షత్రంలో ఒకవైపు నుంచి మెల్లగా పైకి లేచే అలలు కనిపిస్తుంటే అది ట్యూబులోని వెచ్చని గాలి, స్క్రూలతో పోయేది కాదు. అద్దం మీది దుమ్ము గురించి బెంగపడకండి. కడిగితే వచ్చే గీతలతో పోలిస్తే దుమ్మే మేలు.

గోళాకార గుచ్ఛాలకు ఐపీస్ ఎంపిక గెలాక్సీల కన్నా వేరు. ఎం13, ఎం22, ఎం4, ఒమేగా సెంటారీ, వీటన్నిటికీ ఆవర్ధనం పెంచేకొద్దీ లాభం, 120 నుంచి 200 దాకా. నక్షత్రం చుక్క కాబట్టి అంతగా మసకబారదు, వెనకున్న ఆకాశం మాత్రం నల్లబడుతుంది. అన్నీ ఒకేలా విడవవు. షాప్లీ, సాయర్‌ల వర్గీకరణలో అంకె 1 అయితే నడుమ దట్టం, 12 అయితే పలచన. ఎం75 ఒకటో తరగతి, 8 అంగుళాలకు విడవదు, కష్టపడకండి. ఎం4 తొమ్మిది, తేలిగ్గా విడుతుంది. విడి గుచ్ఛాల్లో కృత్తికలకు దాదాపు రెండు డిగ్రీలు కావాలి, మీ 25 మి.మీ.లో పట్టవు, వాటికి ఫైండరే మంచి టెలిస్కోపు.

డాబ్_ఎనిమిది

కృత్తికల మాటొచ్చింది కాబట్టి చివరగా ఒకటి. వాటిలో పెద్ద నక్షత్రాల చుట్టూ పొగలాంటిది కనిపిస్తుంది. అది నెబ్యులాయేనా?

అయిదొందల_నానోమీటర్లు

ముందు అనుమానించాల్సింది ఐపీస్ మీది తేమను. టెలిస్కోపును హయాడ్స్ (వృషభరాశిలో రోహిణి చుట్టూ కనిపించే గుచ్ఛం) వైపు తిప్పండి. అక్కడి నక్షత్రాల చుట్టూ కూడా అదే పొగ ఉంటే ఐపీస్ మీదో, ట్యూబు పైభాగంలోని చిన్న అద్దం మీదో మంచు పట్టింది, లేదా పైన పలచటి మబ్బుంది. కంటి ఆవిరి ఎక్కువగా పడేది ఐపీస్ పైగాజు మీద. ఐపీసులను జేబులో పెట్టుకుని మారుస్తుంటే పట్టదు, నోటితో ఊదితే ఇంకా పడుతుంది.

హయాడ్స్ శుభ్రంగా ఉండి కృత్తికల దగ్గరే పొగ ఉంటే అప్పుడు కృత్తికల్లోని మెరోపీ అనే నక్షత్రాన్ని చూడండి. తేమ అయితే నక్షత్రం చుట్టూ అన్నివైపులా సమంగా గుండ్రంగా ఉంటుంది. నెబ్యులా అయితే మెరోపీ నుంచి దక్షిణంగా విసనకర్రలా ఒక పక్కకే పరుచుకుంటుంది. 48 రెట్లలో మెరోపీని వలయం ఉత్తర అంచు దాటించి, నక్షత్రం కనబడకుండా చేసి మిగిలినచోట చూడండి. 19 ఆకాశంలో నాకు ఆశ తక్కువే, కానీ పరీక్షకు రెండు నిమిషాలే పడుతుంది.